పీటర్ తంగరాజ్

పీటర్ తంగరాజ్ (డిసెంబరు 24, 1935 - నవంబరు 24, 2008) భారతదేశపు సుప్రసిద్ధ ఫుట్‌బాల్ క్రీడాకారుడు, గోల్ కీపర్. ఇతడు హైదరాబాదు రాజ్యంలో జన్మించి, సికింద్రాబాదు మైదానాలలో ఆట నేర్చి, భారత సైన్యం తరఫునా, ఆ తరువాత కలకత్తాలోని మూడు పెద్ద క్లబ్బుల తరఫునా ఆడాడు. 1956 మెల్బోర్న్, 1960 రోమ్ ఒలింపిక్ క్రీడలలో భారత జట్టు సభ్యుడు. 1962లో జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణ పతకం సాధించిన జట్టుకు ఫైనల్ పోటీలో గోల్ కీపర్‌గా నిలిచాడు. 1958లో ఆసియా ఖండపు ఉత్తమ గోల్ కీపర్‌గా గుర్తింపు పొందాడు. 1967లో భారత ప్రభుత్వం ఇతనికి అర్జున పురస్కారం ప్రదానం చేసింది.

నేపథ్యం

ఇతడు పుట్టి పెరిగిన కాలానికి హైదరాబాదు, సికింద్రాబాదు జంటనగరాలు దేశంలోని ముఖ్యమైన ఫుట్‌బాల్ కేంద్రాలలో ఒకటిగా ఎదుగుతున్నాయి. సికింద్రాబాదు కంటోన్మెంటులో విడిది చేసిన ఆంగ్ల సైనికుల ద్వారా ఈ ఆట అక్కడికి వచ్చింది. సైనికులు ఆడుతుండగా చూసిన చుట్టుపక్కల బస్తీల పిల్లలు ఖాళీ స్థలాలలో చెప్పులైనా లేకుండా ఆడడం మొదలుపెట్టారు. కంటోన్మెంటు ప్రాంతంలో తెలుగు, తమిళం, ఉర్దూ మాట్లాడే కుటుంబాలు ఇరుగుపొరుగున ఉండేవి. ఆ కుటుంబాల పిల్లలంతా కలిసి ఆడిన ఆట ఇది.

1943 నుండి హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శిగా ఉన్న సయ్యద్ అబ్దుల్ రహీం వృత్తిరీత్యా ఉపాధ్యాయుడు. ఈ ఆటకు ఒక పద్ధతిని, క్రమశిక్షణను అలవరచినవాడు ఇతడే. అతని శిక్షణలో హైదరాబాదు సిటీ పోలీసు జట్టు 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదేళ్ళు బొంబాయిలో జరిగే రోవర్స్ కప్పును గెలిచింది. ఆ రోజులలో సికింద్రాబాదులో ఫుట్‌బాల్ నేర్చుకునే కుర్రవాడికి ఆదర్శాలు దూరదేశాలలో కాక పక్క వీధిలోనే కనిపించేవి.

తొలి రోజులు

తంగరాజ్ మొదట సికింద్రాబాదులోని మార్నింగ్ స్టార్ క్లబ్బుకు, తరువాత ఫ్రెండ్స్ యూనియన్ క్లబ్బుకు ఆడాడు. 1953లో భారత సైన్యంలోని మద్రాస్ రెజిమెంటల్ సెంటర్‌లో చేరాడు. మద్రాస్ రెజిమెంటు భారత సైన్యంలోని అతి ప్రాచీనమైన పదాతి దళాలలో ఒకటి. దక్షిణాది రాష్ట్రాల యువకులను చేర్చుకునే ఈ దళపు శిక్షణ కేంద్రం నీలగిరి కొండలలోని వెల్లింగ్టన్‌లో ఉంది.

ఆ కాలంలో ఫుట్‌బాల్ ఆటగాడికి ఆట వలన జీతం దొరికేది కాదు. నియమాల ప్రకారం అందరూ ఔత్సాహికులే. కాబట్టి ఆటలో కొనసాగదలచిన పేద, మధ్యతరగతి యువకునికి పోలీసు, రైల్వే, సైన్యం వంటి సంస్థలలో ఉద్యోగమే ఆధారం. హైదరాబాదులో ఆటగాళ్ళకు పోలీసు శాఖ అటువంటి ఆశ్రయమైంది. తంగరాజ్‌కు ఆ ఆశ్రయం సైన్యంలో దొరికింది. అందువలన ఇతడు హైదరాబాదీ ఆటగాడే అయినప్పటికీ, జాతీయ స్థాయి సంతోష్ ట్రోఫీ పోటీలలో సర్వీసెస్ జట్టు తరఫున ఆడి పేరు తెచ్చుకున్నాడు.

ఫార్వర్డ్ నుండి గోల్ కీపర్‌గా

సైనిక జట్టులో తంగరాజ్ మొదట సెంటర్ ఫార్వర్డ్‌గా ఆడాడు, అంటే గోళ్ళు చేయవలసిన స్థానంలో. తరువాత గోల్ కీపర్ స్థానానికి మారాడు. ఆరడుగులకు మించిన ఎత్తు, పొడవైన చేతులు ఇతనికి సహజంగా అమరిన అనుకూలతలు.

ఫుట్‌బాల్ గోలు వెడల్పు ఎనిమిది గజాలు, ఎత్తు ఎనిమిది అడుగులు. అంటే 24 అడుగుల వెడల్పును ఒక్క మనిషి కాపాడాలి. గోల్ కీపర్ పని గీత మీద నిలబడి బంతిని ఆపడంతో ముగియదు. బంతి ఎక్కడి నుండి రాబోతున్నదో ముందే ఊహించి ముందుకు కదిలితే ఎదుటివానికి గోలు చిన్నదిగా కనిపిస్తుంది. రెండు పక్కల నుండి గాలిలోకి లేపిన బంతిని ఎదుటివారి తల తగలకముందే చేతులతో అందుకోవాలి. ఈ పనిలో ఎత్తు ఎంతగానో ఉపకరిస్తుంది, కానీ ఎప్పుడు ముందుకు రావాలో తెలియకపోతే ఎత్తు వలన ప్రయోజనం లేదు. ఫార్వర్డ్‌గా ఆడినవాడు కాబట్టి ఎదుటి ఆటగాడి ఆలోచన పసిగట్టడం తంగరాజ్‌కు కొత్త కాదు.

ఆనాటి నియమాలు కూడా గోల్ కీపర్ల పట్ల అంత దయగా ఉండేవి కావు. బంతి చేతిలో ఉన్న గోల్ కీపర్‌ను ఎదుటివారు భుజంతో నెట్టడం ఆటలో భాగంగానే సాగేది. ఆట మధ్యలో గాయపడిన ఆటగాడి స్థానంలో మరొకరిని దింపే సౌకర్యం ప్రపంచ కప్పు పోటీలలోనే 1970లో గాని రాలేదు. గోల్ కీపర్ దెబ్బ తింటే జట్టు మొత్తం చిక్కులో పడేది. అందువలన ధైర్యంతో పాటు దేహదారుఢ్యం కూడా ఈ స్థానానికి అవసరమయ్యేది.

సైన్యంలో విజయాలు

మద్రాస్ రెజిమెంటల్ సెంటర్ జట్టు 1955లోను, 1958లోను ఢిల్లీలో జరిగిన డ్యూరాండ్ కప్పును గెలుచుకుంది. 1888లో ఆరంభమైన డ్యూరాండ్ కప్పు ఆసియాలోని అతి పురాతనమైన ఫుట్‌బాల్ పోటీ. ఒక రెజిమెంటు జట్టు నాలుగేళ్ళ వ్యవధిలో దానిని రెండుసార్లు గెలవడం విశేషం.

1960-61 సంతోష్ ట్రోఫీలో సర్వీసెస్ జట్టుకు తంగరాజ్ నాయకత్వం వహించాడు. ఆ ఏడు సర్వీసెస్ జట్టు మొదటిసారి ఆ ట్రోఫీని గెలిచింది. అదే జట్టు రెండవసారి ట్రోఫీని అందుకోవడానికి 2011-12 వరకు, అంటే అర్ధ శతాబ్దం ఆగవలసి వచ్చింది. తంగరాజ్ అప్పటికి జీవించి లేడు.

అంతర్జాతీయ క్రీడాజీవితం

1955లో ఢాకాలో జరిగిన ఆసియా చతుర్దేశ పోటీలలో తంగరాజ్ భారత జట్టు తరఫున అంతర్జాతీయ రంగప్రవేశం చేశాడు. మరుసటి సంవత్సరం మెల్బోర్న్ ఒలింపిక్ క్రీడలకు ఎంపికయ్యాడు. ఆ జట్టులో ఇతనితో పాటు ఎస్.ఎస్. నారాయణ్ రెండవ గోల్ కీపర్. శిక్షకుడు రహీం. నూర్ మహమ్మద్, అజీజుద్దీన్, అహ్మద్ హుస్సేన్, జుల్ఫికరుద్దీన్, తులసీదాస్ బలరాం వంటి హైదరాబాదు ఆటగాళ్ళు ఆ జట్టులో ఉన్నారు. భారత జట్టు ఆతిథ్య ఆస్ట్రేలియాను 4-2 తేడాతో ఓడించి సెమీఫైనల్ చేరింది. సెమీఫైనల్లో యుగోస్లావియా చేతిలో 1-4 తేడాతోను, మూడవ స్థానం కోసం జరిగిన ఆటలో బల్గేరియా చేతిలో 0-3 తేడాతోను ఓడిపోయి నాలుగవ స్థానం పొందింది. నాలుగేళ్ళ క్రితం హెల్సింకీలో అదే యుగోస్లావియా చేతిలో 1-10 తేడాతో ఓడిన జట్టుకు ఇది గొప్ప పురోగతి. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో భారతదేశం ఇంతకు మించిన స్థానం ఏనాడూ పొందలేదు.

1958లో టోక్యోలో జరిగిన ఆసియా క్రీడలలో భారత జట్టు నాలుగవ స్థానంతో సరిపెట్టుకుంది. అయినప్పటికీ తంగరాజ్ ఆసియాలో ఉత్తమ గోల్ కీపర్‌గా గుర్తింపు పొందాడు. పతకం రాని జట్టు గోల్ కీపర్‌కు ఆ గౌరవం దక్కడం అతని ఆటతీరుకు నిదర్శనం.

1960 రోమ్ ఒలింపిక్ క్రీడలలో భారత జట్టుకు కఠినమైన విభాగం ఎదురైంది. హంగరీ, ఫ్రాన్సు, పెరూ అందులోని ఇతర జట్లు. హంగరీ జట్టులో ఫ్లోరియాన్ ఆల్బర్ట్ ఉన్నాడు. తరువాత 1967లో ఐరోపా ఉత్తమ ఆటగాడిగా ఎంపికైనవాడు ఇతడే. హంగరీతో భారత జట్టు 1-2 తేడాతో మాత్రమే ఓడింది. ఆ ఆటలో భారత్ గోలును బలరాం చేశాడు. ఫ్రాన్సుతో 1-1గా ఆట సమమైంది. పెరూ చేతిలో 1-3 తేడాతో ఓటమి ఎదురైంది. భారత పురుషుల ఫుట్‌బాల్ జట్టు ఒలింపిక్ క్రీడలలో ఆడడం అదే చివరిసారి. ఆ తరువాత అర్హత సాధించలేకపోయింది.

జకార్తా ఫైనల్

తంగరాజ్ క్రీడాజీవితంలో అత్యంత ముఖ్యమైన రోజు 1962 సెప్టెంబరు 4. ఆనాడు జకార్తాలోని సెనయాన్ మైదానంలో ఆసియా క్రీడల ఫుట్‌బాల్ ఫైనల్ జరిగింది. ప్రత్యర్థి దక్షిణ కొరియా.

ఈ పోటీలలో భారత జట్టు ఆరంభం బాగాలేదు. మొదటి ఆటలో ఇదే దక్షిణ కొరియా చేతిలో 0-2 తేడాతో ఓడింది. తరువాత థాయిలాండును 4-1తో, జపానును 2-0తో ఓడించి సెమీఫైనల్ చేరింది. థాయిలాండుతో జరిగిన ఆటలో రక్షణ శ్రేణికి మూలస్తంభం వంటి జర్నైల్ సింగ్ తలకు గాయమై కుట్లు పడ్డాయి. రహీం అతనిని వెనుకకు బదులు ముందు వరుసలో ఆడించే సాహసం చేశాడు. సెమీఫైనల్లో దక్షిణ వియత్నాంపై 3-2 తేడాతో గెలుపు లభించింది.

ఫైనల్‌కు ముందు జరిగిన ఆటలలో గోల్ కీపర్‌గా ప్రద్యుత్ బర్మన్ ఆడాడు. ఫైనల్‌కు రహీం తంగరాజ్‌ను దింపాడు. గెలుస్తున్న జట్టులో గోల్ కీపర్‌ను మార్చడం శిక్షకులు సాధారణంగా చేసే పని కాదు. పోటీలో అతి ముఖ్యమైన ఆటకు ఆ మార్పు చేయడం మరింత బాధ్యతతో కూడినది. ఓటమి ఎదురైతే నింద రహీం మీద, తంగరాజ్ మీద పడి ఉండేది.

మైదానం బయట పరిస్థితులు కూడా ప్రతికూలంగా ఉన్నాయి. ఇజ్రాయెల్, తైవాన్ క్రీడాకారులను ఇండోనేషియా ఈ క్రీడలకు రానివ్వలేదు. దీనిపై భారత క్రీడా ప్రముఖుడు గురుదత్ సోంధి అభ్యంతరం తెలిపాడు. దానితో జకార్తాలో భారత వ్యతిరేక నిరసనలు చెలరేగి, భారత రాయబార కార్యాలయంపై దాడి జరిగింది. ఫైనల్ రోజున కిక్కిరిసిన మైదానంలో ప్రేక్షకులు భారత ఆటగాళ్ళను హేళన చేస్తూ కేకలు వేశారు. పాకిస్తాన్ హాకీ జట్టు సభ్యులు మాత్రం భారత ఫుట్‌బాల్ జట్టును ప్రోత్సహించారు.

ఆట మొదలైన 17వ నిమిషంలో పి.కె. బెనర్జీ, 20వ నిమిషంలో జర్నైల్ సింగ్ గోళ్ళు చేశారు. తరువాత మిగిలిన సమయమంతా ఆ ఆధిక్యాన్ని కాపాడుకోవలసిన భారం వెనుక వరుస మీద, గోల్ కీపర్ మీద పడింది. కొరియా జట్టు 85వ నిమిషంలో గాని ఒక గోలు చేయలేకపోయింది. మిగిలిన కొద్ది నిమిషాలు రెండవ గోలు పడకుండా భారత జట్టు నిలదొక్కుకొని 2-1 తేడాతో స్వర్ణ పతకం గెలిచింది. చుని గోస్వామి ఈ జట్టుకు నాయకుడు. హైదరాబాదుకు చెందిన బలరాం, యూసుఫ్ ఖాన్ కూడా ఈ ఫైనల్లో ఆడారు.

రహీం అప్పటికే క్యాన్సర్ వ్యాధితో బాధపడుతున్నాడు. 1963 జూన్ 11న మరణించాడు. జకార్తా విజయమే అతని చివరి విజయం. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో భారతదేశం ఆ తరువాత స్వర్ణ పతకం గెలవలేదు. 1970లో బ్యాంకాక్‌లో కాంస్య పతకం పొందింది.

1964 తరువాత

1964లో ఇజ్రాయెల్‌లో జరిగిన ఆసియా కప్పులో నాలుగు జట్లు పాల్గొన్నాయి. తంగరాజ్ సభ్యుడుగా ఉన్న భారత జట్టు దక్షిణ కొరియాను 2-0తో, హాంకాంగ్‌ను 3-1తో ఓడించి, ఇజ్రాయెల్ చేతిలో 0-2తో ఓడి రెండవ స్థానం పొందింది. కొరియాతో ఆట జరిగిన మే 27వ తేదీనే జవహర్‌లాల్ నెహ్రూ మరణించాడు. ఆసియా కప్పులో భారతదేశానికి ఇప్పటికీ ఇదే అత్యుత్తమ స్థానం.

1966లో బ్యాంకాక్‌లో జరిగిన ఆసియా క్రీడలలోను తంగరాజ్ పాల్గొన్నాడు. ఈసారి జట్టు మొదటి దశ దాటలేకపోయింది. అయితే వ్యక్తిగతంగా ఇతని కీర్తికి లోటు రాలేదు. ఆసియా ఖండపు మేటి ఆటగాళ్ళతో కూర్చిన ఆసియా ఆల్ స్టార్ జట్టుకు ఇతడు రెండుసార్లు ఎంపికయ్యాడు.

కలకత్తా క్లబ్బులలో

సైన్యం నుండి బయటకు వచ్చిన తరువాత తంగరాజ్ కలకత్తా చేరాడు. ఆనాడు దేశంలో ఫుట్‌బాల్‌కు అంతటి ప్రేక్షకాదరణ ఉన్న నగరం మరొకటి లేదు. 1960 దశకం ఆరంభంలో మహమ్మడన్ స్పోర్టింగ్ క్లబ్బుకు, 1963 నుండి మోహన్ బగాన్ క్లబ్బుకు, 1965 నుండి ఈస్ట్ బెంగాల్ క్లబ్బుకు ఆడాడు. ఈ మూడు క్లబ్బులకూ వేర్వేరు అభిమాన వర్గాలు ఉన్నాయి. ముఖ్యంగా మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ అభిమానుల మధ్య పోటీ ఇళ్ళలోకి, వంటగదులలోకి కూడా పాకేది. ఈస్ట్ బెంగాల్ గెలిస్తే పులస చేప, మోహన్ బగాన్ గెలిస్తే రొయ్యలు వండుకోవడం బెంగాలీల ఆనవాయితీ. అటువంటి నగరంలో మూడు క్లబ్బుల గోలునూ కాపాడే అవకాశం కొద్దిమందికే దక్కుతుంది.

ఇతడు ఉన్న కాలంలో మోహన్ బగాన్ 1963, 1964 సంవత్సరాలలో కలకత్తా లీగును, డ్యూరాండ్ కప్పును కూడా గెలిచింది. ఈస్ట్ బెంగాల్ 1966లో కలకత్తా లీగు, ఐ.ఎఫ్.ఎ. షీల్డు, 1967లో డ్యూరాండ్ కప్పు, రోవర్స్ కప్పు గెలుచుకుంది. తంగరాజ్ 1971లో ఆట నుండి విరమించాడు. ఆ సంవత్సరం కూడా దేశంలో ఉత్తమ గోల్ కీపర్‌గా ఎంపిక కావడం గమనార్హం.

శిక్షకుడిగా

ఆట విరమించిన తరువాత తంగరాజ్ శిక్షకుడిగా మారాడు. గోవాలోని వాస్కో క్లబ్బుకు, ఆ తరువాత అలీగఢ్ ముస్లిం విశ్వవిద్యాలయానికి శిక్షణ ఇచ్చాడు. చివరకు బొకారో ఉక్కు నగరంలో స్థిరపడి అక్కడి యువకులకు ఫుట్‌బాల్ నేర్పాడు. 2008 నవంబరు 24న గుండెపోటుతో బొకారోలో మరణించాడు.

ఇతనికీ, ఇతని సహచరుడు బలరాంకూ జీవితంలో ఒక పోలిక కనిపిస్తుంది. ఇద్దరూ సికింద్రాబాదు మైదానాలలో ఆట నేర్చినవారే. ఇద్దరినీ కలకత్తా ఆదరించింది. బలరాం పశ్చిమ బెంగాల్‌లోని ఉత్తర్‌పారాలో స్థిరపడి 2023లో మరణించాడు. ఇద్దరి చివరి రోజులూ పుట్టిన ఊరికి దూరంగానే గడిచాయి. మెల్బోర్న్ జట్టుకు అంతమంది ఆటగాళ్ళను ఇచ్చిన జంటనగరాలలో, రహీం మరణానంతరం ఫుట్‌బాల్ క్రమంగా క్షీణించింది. 1965-66లో ఆంధ్రప్రదేశ్ జట్టు సంతోష్ ట్రోఫీ గెలిచింది. ఆ తరువాత మళ్ళీ ఆ రాష్ట్రానికి ట్రోఫీ రాలేదు. పెద్ద ఆటగాళ్ళు ఉద్యోగాల కోసం, క్లబ్బుల కోసం ఇతర ప్రాంతాలకు తరలిపోయారు. వారు ఆట మానిన తరువాత నేర్చిన విద్యను బొకారో, గోవా వంటి చోట్ల పంచారే గాని సొంత ఊరి పిల్లలకు పంచే అవకాశం తక్కువగా దొరికింది.

పురస్కారాలు, విశేషాలు

* 1958 - ఆసియా ఉత్తమ గోల్ కీపర్.
* 1962 - జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణ పతకం.
* 1964 - ఆసియా కప్పులో రెండవ స్థానం.
* 1967 - అర్జున పురస్కారం.
* ఆసియా ఆల్ స్టార్ జట్టులో రెండుసార్లు స్థానం.

అర్జున పురస్కారాలు 1961లో ప్రారంభమయ్యాయి. మొదటి ఏడేళ్ళలో ఫుట్‌బాల్‌కు ఏడాదికొకరు చొప్పున పి.కె. బెనర్జీ, బలరాం, చుని గోస్వామి, జర్నైల్ సింగ్, అరుణ్ ఘోష్, యూసుఫ్ ఖాన్, తంగరాజ్ ఈ పురస్కారం పొందారు. ఈ ఏడుగురిలో ముగ్గురు హైదరాబాదు, సికింద్రాబాదు నుండి వచ్చినవారే. ఫుట్‌బాల్ గోల్ కీపర్లలో ఈ పురస్కారం పొందిన మొదటివాడు తంగరాజ్.

స్మృతి

రహీం జీవితం ఆధారంగా అమిత్ శర్మ దర్శకత్వంలో 2024లో మైదాన్ అనే హిందీ చలనచిత్రం విడుదలైంది. అందులో రహీం పాత్రను అజయ్ దేవగణ్ పోషించాడు. జకార్తా జట్టు సభ్యులతో పాటు తంగరాజ్ పాత్ర కూడా ఆ చిత్రంలో ఉంది. ఇతని ఆట చూడని తరానికి ఇతని పేరు ఈ చిత్రం ద్వారా పరిచయమైంది.

గోలు చేసినవారి పేరు, నిమిషం పత్రికలలోను, రికార్డులలోను నమోదవుతాయి. పడకుండా ఆపిన గోళ్ళ లెక్క ఆ రోజులలో ఎవరూ రాసిపెట్టలేదు. జకార్తా ఫైనల్ ఫలితంలో బెనర్జీ, జర్నైల్ సింగ్ పేర్ల పక్కన నిమిషాలు కనిపిస్తాయి. తంగరాజ్ పని మాత్రం కొరియా జట్టు పేరు పక్కన ఉన్న ఒకటి అనే అంకెలో ఉంది.